గవర్రాజు పేరు మీద పదకొండు లాకులు

బహుళ పంచమి. లోపలి మట్టం మూడడుగుల నాలుగంగుళాలు. బయట పోటుకి ఐదడుగుల ఒక అంగుళం. గాలి నైరుతి.

ఈ పుస్తకంలో నీటి మట్టం తప్ప మరేమీ రాయరాదని మొదటి పేజీలోనే అచ్చేసి ఉంది. అలా అచ్చేయించినవాళ్లు లాకు దగ్గర ఒక్కరోజు కూడా కూర్చోలేదని నా నమ్మకం. మట్టం రాయడానికి అర నిమిషం చాలు. మిగిలిన రోజంతా లస్కరు ఏం చెయ్యాలో వాళ్లు చెప్పలేదు కాబట్టి, మిగిలిన రోజు కూడా నేను ఇందులోనే రాస్తాను. ఇది పద్నాలుగో పుస్తకం. ముందు పదమూడూ కాలవల బోర్డు వాళ్లు పట్టుకెళ్లారు. ఎవరూ చదవలేదనే అనుకుంటున్నాను. చదివి ఉంటే ఈపాటికి నన్ను ఇంటికి పంపించేసేవారు.

వాసంశెట్టి గవర్రాజుని. మొదటి లాకు లస్కరుని, అంటే లాకు షట్టరు చూసుకునేవాణ్ణి. వయసు డెబ్బై నాలుగు. బడి ముఖం చూడలేదు. అంకెలు లాకు గోడ మీద మట్టం గీతల్లో నేర్చుకున్నాను, అందుకే ఇప్పటికీ పన్నెండు దాటితే నాకు మళ్ళీ ఒకటి దగ్గర మొదలెట్టబుద్ధేస్తుంది. అక్షరాలు పురుగుమందు డబ్బాల మీద నేర్చుకున్నాను. నా అంతట నేను కూడబలుక్కుని చదివిన మొట్టమొదటి వాక్యం ‘పిల్లలకు అందకుండా ఉంచవలెను’. అప్పటికి నాకు తొమ్మిదేళ్లు. డబ్బా నా చేతిలోనే ఉంది.

ఎక్కడున్నాను? ఆ, ఫోన్లు.

పొద్దున్న బోర్డు పడవలో పెట్టె వచ్చింది. పదకొండు లాకులకీ పదకొండు కొత్త ఫోన్లు. పడవవాడు పెట్టె దింపి, ఒక అచ్చు కాగితం చేతిలో పెట్టి, టీ కూడా తాగకుండా వెళ్లిపోయాడు. అమావాస్య ముందురోజు సాయంత్రానికి పాత టవర్లు ఆపేస్తారట. ఆలోగా అందరూ తమ ‘లాకమ్మ’ను కొత్త ఫోన్లోకి మార్చుకోవాలి.

లాకమ్మ అంటే ఆట. ముప్పై ఒక్క ఏళ్ల క్రితం, అంటే లంక చుట్టూ కట్ట పోసిన పన్నెండేళ్లకి, బోర్డు వాళ్లు లాకుల చేతి చక్రాలు పీకేసి యంత్రాలు బిగించారు. యంత్రానికి బలం ఉంది గాని బుద్ధి లేదు. ఇనప షట్టరు పూర్తిగా దిగడానికి ముప్పావు గంట పడుతుంది. సముద్రం పోటెక్కడం కళ్లతో చూశాక మొదలుపెడితే ఉప్పునీళ్లు పొలంలో ఉంటాయి. మరీ ముందుగా మొదలుపెడితే లోపలి వాన నీళ్లు బయటికి పోక వీధుల్లో నిలుస్తాయి. గాలి చూసి, వాన చూసి, తిథి చూసి, ఇప్పుడు మొదలెట్టాలి అని తెలుసుకోవడమే లస్కరు విద్య. తెరవడం గురించి బెంగ లేదు, బయట నీళ్లు దిగాక షట్టరు తనంతట తనే లేస్తుంది. మూయడమే నేర్పాలి.

అది నేర్పడానికి మా చేతిలో ఆట పెట్టారు. తెర మీద ఒక చిన్న ఆడమనిషి, లాకమ్మ, షట్టరు పక్కన నిలబడి ఉంటుంది. మనం వేలితో చెప్పినప్పుడు మూస్తుంది. ఉప్పు రాకుండా మూస్తే ఒక మెట్టు ఎక్కుతాం. పది మెట్లకి ఆవిడకి ఒక నగ వస్తుంది. మనం ఎలా ఆడతామో చూసి అసలు షట్టరు అలాగే మూసుకుంటుంది. ఏ లాకు ఫోను ఆ లాకు షట్టరుకి గురువు.

నాది రెండు వందల పన్నెండో మెట్టు. పదకొండు లాకుల్లోనూ అదే పెద్దది. నా లాకమ్మ ఒంటి మీద ఇరవై ఒక్క నగలున్నాయి. ఇది గొప్ప కోసం రాయడం లేదు. కొంచెం గొప్ప కోసమే రాస్తున్నాను.

అందరికంటే ముందు నేనే మార్చాను. పాత ఫోనూ కొత్త ఫోనూ షట్టరు పెట్టె మీద పక్కపక్కన పెట్టి, కాగితంలో ఉన్నట్టు నొక్కాను. పాతదాంట్లోంచి ఆట బోర్డు వాళ్ల గాదెలోకి ఎక్కి, అక్కణ్ణించి కొత్తదాంట్లోకి దిగింది. గాదె అంటే వాళ్లు అన్నీ దాచే చోటు, ఎక్కడుందో నాకూ తెలియదు. ‘మార్పిడి పూర్తయింది. పాత ఫోనులోని ఆట తుడిచివేయబడింది’ అని వచ్చింది. లాకమ్మ కొత్త తెర మీద ఇరవై ఒక్క నగలతో నిలబడింది. వంకీ మీద రాళ్లు ఇంత మెరుస్తాయని ఇన్నేళ్లూ నాకు తెలియలేదు.

కాగితం అడుగున చిన్న అక్షరాల్లో ఇంకొక వాక్యం ఉంది. ‘ఒకే పేరు మీద రెండు ఆటలు కనిపించినచో ఏది ఉంచవలెనో ఎంచుకొనుడు.’ ఒకే పేరు గలవాళ్లు పక్కపక్క లంకల్లో ఉంటారు కదా, వాళ్ల కోసం అనుకున్నాను.

బహుళ షష్ఠి. లోపల మూడడుగుల ఐదు. బయట నాలుగడుగుల పదకొండు.

రెండో లాకు సూరన్న కూడా మార్చేశాడు. సూరన్న మా చెల్లెలి మొగుడు. ‘అయిపోయింది బావా, నిమిషం పట్టలేదు’ అని కట్ట మీద నుంచే కేకేసి చెప్పాడు. వెళ్లేటప్పుడు ఎందుకో నవ్వుకుంటూ వెళ్లాడు. అది నాకు ఇవాళ అర్థం కాలేదు.

మూడో లాకు నుంచి పదో లాకు దాకా ఉన్నవాళ్లు తీరుబడిగా చూసుకుందామన్నారు. పదకొండోది సముద్రపు మొగలో, పాయ సముద్రంలో కలిసే చోట ఉంటుంది. అక్కడి లస్కరు మంగాయమ్మ. కొత్త ఫోను పంపిస్తే ‘తొందరేవుంది’ అని చెప్పి పంపించింది. ఆవిడది తొంభై ఆరో మెట్టు. ముప్పై ఒక్క ఏళ్లలో తొంభై ఆరు. ఆవిడ లాకమ్మకి తొమ్మిదే నగలు. ఏటా లస్కర్ల భోజనాల్లో మేం దాని గురించి ఓ మాట అనడం, ఆవిడ వినిపించుకోకుండా పెరుగన్నం తినడం రివాజు.

బహుళ నవమి. లోపల మూడడుగుల మూడు. బయట మూడడుగుల పది. సముద్రం మెత్తగా ఉంది.

సూరన్న గుప్పెడు నారు పట్టుకుని వచ్చాడు.

“ఇది చూడు బావా.”

“ఏటిది? కొసలు మాడాయేంటి?”

“అదే నేనూ అడుగుతున్నాను. నా షట్టరు పక్క మడి. మూడు రోజులుగా షట్టరు ఆలస్యంగా మూసుకుంటోంది. ఐదు నిమిషాలు. అచ్చం ఐదే. గడియారం పెట్టి చూశాను.”

ఆ ఐదు నిమిషాలు నాకు తెలిసినవే. పోటు మొగలో పుట్టి పాయ వెంట పైకి వస్తుంది. ఒక్కో లాకు దాటడానికి దానికి ఐదు నిమిషాలు పడుతుంది. రెండో లాకు దగ్గరకి వచ్చిన ఐదు నిమిషాలకి నా దగ్గరకి వస్తుంది. అంటే సూరన్న షట్టరు నా వేళకి మూసుకుంటోంది.

“నీ ఫోను చూపించు” అన్నాను.

కొంచెం నసిగి చూపించాడు. ఆవిడ ఒంటి మీద ఇరవై ఒక్క నగలున్నాయి.

“సూరన్నా, నీకు పద్దెనిమిదే కదా ఉండాలి.”

“అదే బావా. మార్చేటప్పుడు అడిగింది. ఈ పేరు మీద రెండు ఆటలున్నాయి, నూట ఎనభై ఏడు ఒకటి, రెండొందల పన్నెండు ఒకటి, ఏది ఉంచమంటావు అని. పెద్దది ఉంటే మంచిదే కదాని నొక్కాను. నీదని తెలుసు. నీకేం తరిగిపోతుంది?”

“మరి నీ నూట ఎనభై ఏడు?”

“పోయింది. పాతదాంట్లో వెతికితే పాత ఫోటోలున్నాయి గాని ఆట లేదు.”

మనిషి నవ్వబోయాడు గాని నవ్వు రాలేదు. ముప్పై ఒక్క ఏళ్లు బావా, అని మాత్రం అన్నాడు.

బహుళ దశమి. లోపల మూడడుగుల నాలుగు. బయట నాలుగడుగులు.

బోర్డు ఇంజనీరు హసీనా వచ్చింది. నలభై ఏళ్ల మనిషి, మాట మెత్తన, చెప్పులు పడవలోనే వదిలేసి కట్టెక్కుతుంది. అందుకే ఆవిడంటే నాకు గౌరవం. తన తెర పలక మీద ఏదో తెరిచి, పై నుంచి కిందిదాకా రెండుసార్లు చూసింది.

“గవర్రాజుగారూ, పదకొండు లాకులకీ లస్కరు పేరు గవర్రాజు అనే ఉందేమిటండీ?”

“ఆయ్. నేనే.”

“పదకొండూ మీరేనా?”

అప్పుడు చెప్పాల్సి వచ్చింది. కాలవ పని మొదలైన నాటి నుంచీ మా లస్కర్లకి ఒక ఆనవాయితీ ఉంది. కాలవ మీద ఎన్ని లాకులున్నా, ఏ కాగితం వచ్చినా, మొదటి లాకు మనిషి పేరే అందరూ రాస్తారు. తప్పొస్తే మాట పడేదీ అతనే, మంచొస్తే దండ వేయించుకునేదీ అతనే. మిగతా వాళ్లకి రెండూ ఉండవు, హాయి. ముప్పై ఒక్క ఏళ్ల క్రితం ఆట ఇచ్చినప్పుడు ‘మీ పేరు’ అని అడిగింది. పది మందీ నా వైపు చూశారు. నేను మీసం సర్దుకుని, నా పేరే కొట్టండి అన్నాను. ఆ పూట ఇంటికెళ్లి మా ఆవిడతో, నా పేరు మీద పదకొండు లాకులున్నాయి తెలుసా అని కూడా అన్నాను. ఆట అప్పట్లో ఎవరి ఫోను పొట్టలో వాళ్లదే ఉండేది కాబట్టి ఇన్నేళ్లూ ఏ గొడవా రాలేదు.

హసీనా విని, మెట్టు మీద కూర్చుంది.

“గాదెలో ఒక పేరు మీద ఒక్క ఆటే ఉంటుందండీ. ఏది ఉంచితే ఆ పేరు గల ఫోన్లన్నీ అదే ఆడతాయి. అంటే మీ పదకొండు షట్టర్లూ.”

“పేర్లు మార్పించలేరా అమ్మా?”

“మార్పిస్తాను. నలభై రోజులు పడుతుంది.”

“కొత్త పేరుతో మొదటి మెట్టు నుంచి మొదలెడితే?”

“నలభయ్యో మెట్టు దాటితే గాని షట్టరు మాట వినదు కదా. మూడు వారాలు. పాత టవర్లు నాలుగు రోజుల్లో ఆగిపోతాయి. మరునాడే అమావాస్య పోటు.”

ఇద్దరం లెక్క వేసుకున్నాం. రెండో లాకు ఐదు నిమిషాలు ఆలస్యమైతే ఒక మడి మాడింది. అదే నా ఆట మొగలో ఉన్న పదకొండో షట్టరు ఆడితే యాభై నిమిషాలు ఆలస్యం. యాభై నిమిషాల అమావాస్య పోటు లోపలికి వస్తే లంకలో వరి ఉండదు, మంచినీళ్ల చెరువు ఉండదు. ఆ చెరువు మళ్ళీ తీపెక్కడానికి వెనకటి తుపానప్పుడు నాలుగేళ్లు పట్టింది. ఆ నాలుగేళ్లూ పడవల్లో వచ్చిన నీళ్లు తాగాం. నా మనవరాలు పుట్టగానే దానికి పోసిన మొదటి స్నానం కూడా ఆ నీళ్లతోనే.

“ఒక్క మంచి మాట ఏమిటంటే, మూడు నుంచి పదకొండు దాకా ఇంకా మార్చలేదు” అంది హసీనా. “పాత ఫోన్లు కట్టేసి డబ్బాలో పెట్టుకుంటే, పేర్లు మారాక వాళ్ల ఆటలు వాళ్లకి తెచ్చిపెడతాను. పోయేది సూరన్నగారిదే.”

“నాది?” అన్నాను.

“మీది గాదెలో ఉంది కదండీ. ఉంచినంత కాలం ఉంటుంది.”

ఉంచినంత కాలం. పాత ఫోను తుడిచేశాను కదా. అందరికంటే ముందు.

బహుళ ఏకాదశి. లోపల మూడడుగుల ఆరు. బయట నాలుగడుగుల ఐదు. సన్న తుంపర.

ఆరో లాకు దగ్గర పదకొండు మందిమీ కూడాం, హసీనా కూడా వచ్చింది. సమస్య అందరికీ తెలుసు. నలభై రోజుల పాటు అన్ని షట్టర్లూ ఒకే ఆట ఆడాలి. ఎవరిది?

తొమ్మిది మంది పెద్దదే అన్నారు. రెండు వందల పన్నెండు. పెద్ద మెట్టు ఎక్కినవాడి ఆటే గట్టిదని, అంత ఎత్తు ఎక్కినవాడు మొగనీ చూసుకోగలడని. నేను కాదనలేదు. కాదనకపోవడం తప్పని తెలుసు, అయినా వినడానికి బాగుంది.

మంగాయమ్మ మూల కూర్చుని వల అల్లుకుంటోంది. డెబ్బై ఒక్క ఏళ్లు, మనిషి పీత కాలంత ఉంటుంది. మొగలో పుట్టి మొగలోనే పెరిగింది.

“అన్నా” అంది తలెత్తకుండా. “నీ విద్య ఫోన్లోనే ఉండిపోలేదు కదా. వేళ్లలో కూడా ఉంది కదా.”

“ఉంటుంది మరి.”

“అయితే ఇదిగో నా పాత ఫోను. తొంభయ్యారో మెట్టు. మొగలో అమావాస్య పోటు. ఆడు.”

అందరూ చుట్టూ చేరారు. తొంభయ్యారో మెట్టు నేను ఎప్పుడో పాతికేళ్ల కిందట దాటాను. ఒకే ఒక్కసారి ఆడి, నెగ్గి, పైకి వెళ్లిపోయాను. ఇప్పుడు ఆడాను. ఉప్పొచ్చింది. తెర మీద వరి పసుపచ్చబడింది.

“తుంపర వల్ల వేలు జారిందిలే” అన్నాడు సూరన్న.

రెండోసారి. ఉప్పు. మూడోసారి మరీ ముందుగా మూశాను. తెర మీద వీధిలో మోకాలి లోతు నీళ్లు, పిల్లలు కాగితం పడవలు వదులుతున్నారు. ఆ ఆట తయారు చేసినవాళ్లకి వెటకారం ఎక్కువ.

మంగాయమ్మ చెయ్యి చాపి ఫోను తీసుకుంది. ఎడంచేతి బొటనవేలితో ఆడుతూ, కుడిచేత్తో వల సర్దుకుంటూ, సూరన్నతో మాట్లాడుతోంది.

“నారు మళ్ళీ పోశావా?”

“పోశాను వదినా.”

“దగ్గర మడిలోనే పోశావా? బుద్ధుందా నీకు? ఎగువ మడిలో పొయ్యి. అయిపోయింది, చూడన్నా.”

చూశాను. ఒక్క చుక్క ఉప్పు లేదు. వీధిలో ఒక్క చుక్క వాన నీరు నిలవలేదు.

“ఎన్నిసార్లు ఆడావు ఈ మెట్టు?”

“రోజూ రెండు పూటలా. వానొస్తే మూడు.”

“ముప్పై ఏళ్లుగానా?”

“ఇరవై ఎనిమిది. మొదటి మూడేళ్లూ ఇక్కడిదాకా రావడానికి పట్టింది.”

“మరి పైకెందుకు ఎక్కలేదు మంగా?”

“పైనేవుందన్నా? తిమింగలాలూ, జెండా పడవలూను. నా లాకులోకి తిమింగలం ఎప్పుడొచ్చింది? వచ్చేదల్లా అమావాస్యే. నెలనెలా వస్తుంది.”

తర్వాత ఒకడు మెల్లగా, అయినా తొంభై ఆరు మరీ చిన్నది కదా, అన్నాడు. హసీనా లెక్క చెప్పింది. మంగాయమ్మ ఆట పెడితే పై లాకులన్నీ ముందుగా మూసుకుంటాయి. మొదటి లాకు యాభై నిమిషాలు ముందు. ఉప్పు ఒక్క చుక్క రాదు. ఎగువన వాన నీళ్లు నిలుస్తాయి, అంతే. ఎక్కువగా నిలిచేది మొదటి లాకు దగ్గర.

అంటే మా ఇంట్లో.

“ఇంకొకటండీ” అంది. “పెద్ద మెట్టుని చెరిపి చిన్న మెట్టు ఉంచాలంటే గాదె ఒప్పుకోదు. పేరు గలవారు స్వయంగా పదకొండో షట్టరు దగ్గరికి వచ్చి బొటనవేలి ముద్ర వెయ్యాలి. మీది మళ్ళీ రాదు. అది మీరు ఆలోచించుకోండి. నేను చెప్పను.”

బహుళ ద్వాదశి. లోపల మూడడుగుల ఎనిమిది. బయట ఐదడుగులు.

ఆలోచించుకున్నాను. ఆలోచన అంటే నగలు లెక్కపెట్టుకోవడం.

మా ఆవిడ అచ్చియ్యమ్మ పోయి పదకొండేళ్లయింది. నూట అరవయ్యో మెట్టు దాకా తను పక్కన కూర్చుని చూసింది. నూట అరవైకి వడ్డాణం వచ్చింది. ‘దానికి పదహారు చేయించావు. నాకు ముక్కుపుడక తప్ప ఏదీ చేయించలేదు’ అంది. ఆ మాట కోపంగా అనలేదు. ఫోను తీసుకుని దూరం పెట్టి, దగ్గర పెట్టి, వడ్డాణం బాగుందని తేల్చి ఇచ్చేసింది. ఆ తర్వాత వచ్చిన ఐదు నగలూ తను చూడలేదు. వచ్చినప్పుడల్లా నేనే ఫోను దూరం పెట్టి, దగ్గర పెట్టి చూసుకున్నాను.

ఇందులో మట్టానికి సంబంధించింది ఏమీ లేదు. బోర్డు వాళ్లు క్షమించాలి.

సూరన్న వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. “ఉంచేసుకో బావా. ఎవరూ ఏమనరు. మొగ దగ్గర మనుషుల్ని పెట్టి షట్టర్ని తాళ్లతో లాగిద్దాం.”

“ముప్పై మంది లాగినా దిగదు. చక్రాలే లేవు.”

“అది కాదు బావా. రెండొందల పన్నెండు. మళ్ళీ మన వయసులో అవుతుందా?”

మొగకి వెళ్లడానికి పడవ బాగుచేస్తున్నాను కాబట్టి జవాబు వాడికి తెలిసిపోయింది.

బహుళ చతుర్దశి. లోపల మూడడుగుల పది. బయట ఆరడుగుల రెండు. గాలి తూర్పుకి తిరిగింది.

పడవలో పదకొండో లాకుకి వెళ్లాను. మంగాయమ్మ చేపల పులుసు పెట్టింది. ముల్లు తీసి పెట్టమంటావా అని అడిగింది, డెబ్బై నాలుగేళ్ల మనిషిని. హసీనా మాతోపాటే తింది.

తర్వాత షట్టరు పెట్టె మీద మంగాయమ్మ పాత ఫోనూ కొత్త ఫోనూ పక్కపక్కన పెట్టారు. తెర మీద వచ్చింది. ‘గవర్రాజు పేరు మీద రెండు ఆటలు ఉన్నవి. 212. 96. ఏది ఉంచవలెను?’

“అన్నా, నువ్వు కావాలంటే” అని మంగాయమ్మ మొదలుపెట్టింది.

“నువ్వు ఊరుకో. పేరు నాది” అన్నాను. తొంభయ్యారు మీద బొటనవేలు పెట్టి ఒత్తిపట్టాను.

ఇక్కడ ఆట తయారు చేసినవాళ్ల వెటకారం మళ్ళీ బయటపడింది. అంతా ఒక్కసారిగా చెరపకూడదా? చెరపలేదు. నా లాకమ్మ నిలబడి ఒక్కొక్క నగా తీసి పక్కన పెట్టింది. కంటె. నాగరం. చేరుచుక్క. వేలు తీస్తే ఆగిపోతుందని తెర అడుగున రాసి ఉంది. వేలు తీయలేదు. వడ్డాణం తీసేటప్పుడు మాత్రం ఫోను కొంచెం దూరం పెట్టి చూశాను. చివరికి తొమ్మిది మిగిలాయి. మంగాయమ్మ తొమ్మిది.

“బాగానే ఉంది మనిషి” అన్నాను.

“ఎప్పుడూ బాగానే ఉంది” అంది మంగాయమ్మ.

అమావాస్య. పొద్దున్న తొమ్మిదికి బయటి మట్టం, పదకొండో లాకు దగ్గర, ఏడడుగుల ఒక అంగుళం. నా పద్నాలుగు పుస్తకాల్లో ఇంత పెద్ద అంకె రాయలేదు.

వెనక్కి వెళ్లకుండా మొగలోనే ఉన్నాను. నా పేరు మీద మూసుకునే షట్టర్ని నా కళ్లతో చూడాలి కదా.

ఏడు నలభైకి సముద్రం అద్దంలా ఉంది. పోటు ఛాయ ఎక్కడా లేదు. అప్పుడు షట్టరు కదిలింది. నేనైతే ఇంకా గంట ఆగేవాణ్ణి, నిజం రాస్తున్నాను. ఎనిమిది ఇరవై ఐదుకి అడుగుకి ఆనింది. ఎనిమిది ఇరవై ఎనిమిదికి పాయలో మొదటి అల వచ్చి దాని ముఖానికి కొట్టుకుంది.

మూడు నిమిషాలు. ఇరవై ఎనిమిదేళ్లు రోజుకి రెండు పూటలా ఆడితే వచ్చేది ఆ మూడు నిమిషాలు.

తొమ్మిదింటికి నీళ్లు ఏడడుగులు దాటాయి. ఇవతల కాలవలో నాచు కూడా కదలలేదు. మంగాయమ్మ వంగి లోపలి నీళ్లు దోసిట్లో తీసుకుని నాలిక్కి తగిలించి, నాకు చెయ్యి చాపింది. నేనూ చూశాను. తియ్యగా ఉన్నాయి. మట్టి వాసన.

తొమ్మిది లాకుల నుంచీ ఒక్కొక్కరే ఫోన్లు చేశారు. చుక్క రాలేదు అన్నా. చుక్క రాలేదు. సూరన్న అందరికంటే ఆఖరున చేశాడు.

“బావా, నా షట్టరు బాగుంది. నారు బాగుంది. మీ ఇంట్లోకి మాత్రం వాన నీళ్లొచ్చాయి. మంచం ఎత్తి బల్ల మీద పెట్టాను. నీ బట్టలు అటక మీద పెట్టాను. చెప్పుల్లో ఒకటే దొరికింది.”

“రెండోది కనిపిస్తే పట్టుకో” అన్నాను.

పక్కనే మంగాయమ్మ నవ్వుతోంది. నేను కూడా అంతగా నవ్వి చాలా ఏళ్లయింది.

శుక్ల విదియ. లోపల నాలుగడుగుల రెండు. మా ఇంట్లో మూడంగుళాలు, దిగుతోంది.

బోర్డు నుంచి మాట వచ్చింది. తీరం పొడుగునా ఈ అమావాస్యకి ఒక్క చుక్క ఉప్పు రాని కాలవ మాదొక్కటేనట. ‘లస్కరు గవర్రాజు, 96వ మెట్టు’ అని ప్రశంస రాశారు. హసీనా చదివి వినిపించింది. పదకొండో లాకు పేరు మంగాయమ్మదిగా మార్పిస్తానని కూడా అంది.

“నలభై రోజుల్లో అందరి పేర్లూ మారతాయి. మీ పేరు మీకొచ్చేస్తుందండీ.”

“పదింటికీ మార్పించమ్మా. మొగది మాత్రం నా పేరు మీదే ఉండనీ” అన్నాను. “ఆవిడకి అభ్యంతరం లేకపోతే.”

మొగ నుంచి ఫోన్లో వింటున్న మంగాయమ్మ అంది, “నాకేం అభ్యంతరం? మాట పడాల్సొస్తే నువ్వే పడతావుగా.”

ఇక నా లాకు. కొత్తగా మొదలుపెట్టాలి, ఒకటో మెట్టు నుంచి. నలభయ్యో మెట్టు దాటేదాకా షట్టరు మంగాయమ్మ ఆట మాటే వింటుంది. సూరన్న పక్కనే కూర్చుని తన పేరు తాను కొట్టుకున్నాడు, జీవితంలో మొదటిసారి, రెండు తప్పులతో. నాది తెరిచాను. ‘మీ పేరు?’ అంది. కొట్టాను. ‘ఈ పేరు ఇదివరకే వాడుకలో ఉన్నది’ అంది.

ఫోను అవతల మంగాయమ్మ ఇంకా ఉంది. విషయం చెప్పాను. కాసేపు వల సర్దుకున్న చప్పుడు వినిపించింది.

“నా పేరు పెట్టుకో అన్నా. ముప్పై ఏళ్లుగా ఖాళీగానే ఉంది.”

హసీనా తల పట్టుకుంది. “మళ్ళీ అదే పనా?”

“ఈసారి ఒక పేరు, ఒక లాకేనమ్మా” అన్నాను. మంగాయమ్మ అని కొట్టాను. ఒప్పుకుంది.

“జాగర్తన్నా” అంది ఆవిడ. “పేరు కొత్తది. ఎక్కడా వాడలేదు.”

రిజిస్టరు ప్రకారం ఇవాళ్టి స్థితి రాస్తున్నాను. పదకొండో లాకు, గవర్రాజు పేరు మీద, తొంభై ఆరో మెట్టు, తొమ్మిది నగలు. మొదటి లాకు, మంగాయమ్మ పేరు మీద, మూడో మెట్టు. నగలు ఇంకా రాలేదు. సాయంత్రం పోటుకి నాలుగోది ఆడాలి.